డేటైపోయిన మాత్రల కేసు

ఏడుపాపి ఆ టీ తాగమ్మాయ్, చల్లారిపోతోంది. మీ ఆయనది మందుల షాపా? నిద్రమాత్రల కేసా? మొన్న పట్టుకెళ్లి ఇవాళ మధ్యాహ్నం బెయిలు పిటిషను వింటారా? మరి దానికింత ఏడుపెందుకు? ఈ కేసుల్లో బెయిలు రాదని ఎవడు చెప్పాడు నీకు?

"నేనేనక్కా. రాదనలేదు, కష్టమన్నా."

విన్నావా? ఈయన కోర్టు బయట పిటిషన్లు టైపు చేసే తమ్ముడు. వేళ్లు కదిలినంత చురుగ్గా బుర్ర కదలదు. నన్ను చూడు. నేనూ లైసెన్సు షాపుదాన్నే. మా ఆయన గుండె మందులు అమ్మీ అమ్మీ గుండెపోటుతోనే పోయాడు, ఏం చేస్తాం, లైసెన్సు నా పేరుకి మార్పించుకుని నెల తిరక్కుండా షాపు తెరిచా. నాది ఐదో క్లాసు. మందులిచ్చేది ఫార్మసీ చదివిన మా మరిది, వాడి మీద అరిచేది నేను.

ఓ రోజు పొద్దున్నే తనిఖీకని ఆరుగురు దిగారు షాపులోకి. చెప్పులు బయట విప్పండన్నా. విప్పారు. గోడ మీద లైసెన్సు చదవండన్నా. చదివారు. ఇంతవరకూ బాగానే ఉంది, మూల డబ్బా తెరిచారు చూడు, అక్కడొచ్చింది పేచీ. అందులో నిద్రమాత్రలున్నాయి, స్టాకు పుస్తకంలో లేవు. ఎందుకుంటాయి? డేటైపోయినవి పుస్తకంలో కొట్టేసి, కంపెనీకి తిరిగి పంపడానికి విడిగా డబ్బాలో పెట్టి, వాపసు చీటీ కూడా అందులోనే వేస్తాం. వాళ్లేమో దాచిన సరుకన్నారు. చీటీతో సహా డబ్బాకి సీలేసి పట్టుకుపోయారు. నేను తప్పు చెయ్యలేదనే కాగితాన్ని నా డబ్బాలోనే పెట్టి సీలేసిన మహానుభావులు!

"మా షాపులో కూడా ఆ డబ్బానే పట్టుకెళ్లారు పెద్దమ్మా."

పట్టుకెళ్లనీ. జైల్లో ఉన్నది నేను ఒక్క పూట. ఆ పూటలోనే జైలు మందుల బీరువా సర్దిపెట్టా. జైలు డాక్టరు చూసి, అమ్మా, నాకింత కాలం కనపడని మందులన్నీ కనపడుతున్నాయి అని దణ్ణం పెట్టాడు. జైలరు తన కుర్చీ తెచ్చి నాకేసి తను స్టూలు మీద కూర్చున్నాడు. ఆ తర్వాత ఏమైందో తెలుసా?

"స్టూలు విరిగిందా అక్కా?"

నువ్వు టీ కాచుకోవయ్యా, పొంగిపోతోంది. తర్వాత కోర్టు. మా లాయరు లేవబోతుంటే భుజం నొక్కి కూర్చోబెట్టా. నేనే లేచా. "అయ్యా, లైసెన్సున్న షాపులో పుస్తకం తప్పితే అది పుస్తకం కేసు. సందులో నిలబడి మత్తు అమ్మేవాడి కేసు వేరు. ఇద్దరికీ ఒకే తాళమా? షాపొదిలి నేనెక్కడికి పారిపోతా, పక్క వీధికెళ్లాలంటేనే మోకాళ్లు నొప్పులు" అన్నా. అంతే! సర్కారు లాయరు చేతిలో నీళ్ల గ్లాసు గడగడా వణికింది. పైన ఫ్యాను ఆగిపోయింది. బీరువాలో లావు లావు లా పుస్తకాలు సిగ్గుతో వాటంతటవే మూసుకున్నాయి.

"బీరువాలో పుస్తకాలు మూసే ఉంటాయి కదక్కా?"

ఆ రోజు తెరిచున్నాయి తమ్ముడూ, నువ్వు బయట టైపు కొడుతున్నావు, నీకేం తెలుసు! జడ్జిగారు లేచారు. మెట్లు దిగారు. నా ముందుకొచ్చి, "అమ్మా, బెయిలు సంగతి తర్వాత, నా బీపీ మాత్ర తిండికి ముందా, తర్వాతా?" అన్నారు. ముందు బెయిలివ్వండి, తర్వాత చెప్తా అన్నా. అక్కడికక్కడ రాసిచ్చారు! కేసు కూడా కొట్టేశారు. ఈ సంగతి తెలిసి పై కోర్టు జడ్జీలు ముగ్గురు వెనక గుమ్మంలోంచి పరిగెత్తుకొచ్చి, మందుల చట్టం మళ్లీ రాస్తున్నాం, మీరు చెప్తే మేం రాసుకుంటాం అని మాత్రల అట్టపెట్టె చింపి, దాని వెనక రాసుకున్నారు. ఆ తర్వాత ఏమైందో తెలుసా? నా బెయిలు కాగితం గాలికి ఎగిరి పక్క హాల్లో పడింది. పడగానే అక్కడి ముద్దాయికి కూడా బెయిలొచ్చేసింది! వాడిది గేదెల దొంగతనం!

"అక్కా..."

గేదెలు కూడా విడుదలయ్యాయి!

"అక్కా, ఇవాళ సోమవారం. పదికి పది నిమిషాలుంది. పోలీస్ స్టేషన్లో వారం వారం పెట్టే సంతకం పెట్టొద్దా? పది దాటితే బెయిలు రద్దు చేయిస్తామన్నారు కదా?"

ఈ టీ ఆయనకి పాలు పొంగేది తెలీదు గానీ నా గడియారం మాత్రం తెలుసు.

"కేసు కొట్టేశారన్నారుగా పెద్దమ్మా. మరి సంతకమేంటి?"

"కొట్టేసింది కేసు కాదమ్మా, పిటిషన్లు. మూడూ నేనే టైపు చేశా. రెండు కొట్టేశారు. అక్క లోపలున్నది నలభై ఒక్క రోజులు. జడ్జిగారు అక్కతో అన్నది ఒక్కటే మాట. 'కూర్చోండమ్మా.'"

నవ్వండి, నవ్వండి. అమ్మాయ్, నువ్వు మళ్లీ ఏడుపు మొదలెట్టకు. నలభై ఒక్క రోజులే, అయితే ఏంటి? అరిగిపోయానా? కూర్చోమన్నారు, కూర్చున్నా. కానీ చెప్పాల్సింది చెప్పాకే కూర్చున్నా. మూడోసారి బెయిలెందుకొచ్చిందో అది కూడా చెప్పు తమ్ముడూ, అక్కడ నోరు పడిపోయిందేం?

"వాపసు చీటీ కార్బను కాపీ పెట్టాం."

అదీ! పై కాగితం డబ్బాలో సీలైపోయింది. కింది కాపీ మాత్రం రాసిన రోజే వెళ్లిపోయి, సరుకు వాపసు తీసుకెళ్లే డిస్ట్రిబ్యూటరు గోడౌను పుస్తకంలో ఉంటుంది. మా మరిది అంత చదువు చదివాడు, లాయరు అంతకంటే చదివాడు, ఇద్దరికీ తట్టలేదు. లోపల కూర్చుని గోడ చూస్తుంటే నలభయ్యో రోజు నాకు తట్టింది. మీ ఆయన చీటీ రాశాడా?

"రాశారు. పోయిన వారం. నేనే చూశా."

మరింకా గ్లాసు పట్టుకుని కూర్చున్నావేం? పిటిషను మధ్యాహ్నం కదా, పో! గోడౌనువాడు రేపు రమ్మంటాడు, కదలకు. గుమ్మంలో కూర్చో. ఏడుపొస్తే అక్కడ ఏడువు, పనికొస్తుంది. కాపీ తెచ్చి ఈ తమ్ముడి చేతిలో పెట్టు.

చూశారా, ఎలా పరిగెత్తిందో! నాకు నలభై రోజులు పట్టింది, ఆ పిల్లకి ఒక టీ పట్టింది.

"సరే గానీ అక్కా, పదికి నాలుగు నిమిషాలే ఉంది."

వెళ్తున్నానయ్యా. భయపడి కాదు. నా సంతకం పడందే ఆ స్టేషన్లో ఎవరికీ డ్యూటీ మొదలవ్వదు.

"మరి ఆ పరుగేంటక్కా? మోకాళ్లు నొప్పులన్నావు?"

అది జడ్జిగారికి చెప్పిన మాటయ్యా!