హిరానో గారి కుడి భుజం

1983 ఆగస్టు. మిషిగన్‌లోని ట్రాయ్ నుంచి లేక్‌పోర్ట్ వెళ్ళే రోడ్డు, ఉదయం తొమ్మిది గంటలు. కారు నడుపుతున్నది డాక్టర్ శశికళ. పక్క సీట్లో ఆమె మరిది జగన్మోహన్. వెనక సీట్లో, కుడిచెయ్యి స్లింగ్‌లో వేసుకుని, జపాన్ నుంచి వచ్చిన హిరానో, బేస్‌బాల్‌లో బంతులు వేసే పిచర్. ఆయనకు తెలుగు రాదు.

"...జపనీస్ వచ్చా అని అడుగుతారేంటి వదినా! నాకు కలలే జపనీస్‌లో వస్తున్నాయి. కింద తెలుగులో అక్షరాలు కూడా పడుతున్నాయి, మీలాంటివాళ్ళు ఎవరన్నా వస్తే ఇబ్బంది పడకూడదని."

"నీ కలల్లోకి రావడానికి నాకేం పని? సరే, ఆయనకి చలేస్తోందేమో అడుగు. ఏసీ తగ్గిస్తాను."

"ఇంత చిన్న దానికి నేనెందుకు... సరే, అడుగుతా. అడిగేశా."

"మరి అద్దం దించుతున్నాడేం?"

"వాళ్ళ దేశంలో చలేస్తే అద్దం దించుకుంటారు."

"బూట్లు కూడా విప్పుతున్నాడు."

"గౌరవం వదినా. లేడీ డాక్టర్ గారి కారు కదా."

"జగన్."

"ఆఁ."

"ఎన్ని మాటలొచ్చు నీకు?"

"లెక్కపెట్టలేదు."

"లెక్కపెట్టు. ఎగ్జిట్ వచ్చేలోపు."

"...ఒక నలభై ఉంటాయి. నగోయాలో కార్ల ఫ్యాక్టరీకి ఆరు నెలలు ట్రెయినింగ్‌కి పంపారు కదా, అప్పటివి. అందులో పదిహేను తిండివి. పదో పన్నెండో నట్లూ బోల్టులూ."

"నలభై మాటలకి నిన్ను దుబాసీగా ఎలా పెట్టుకున్నారయ్యా ఆ క్లబ్బువాళ్ళు?"

"ఇంటర్వ్యూ చేసినాయనకి ఒక్క మాటా రాదు. నేను ఆపకుండా రెండు నిమిషాలు మాట్లాడా. బ్రేక్ డ్రమ్ము ఎలా బిగించాలో చెప్పా. ఆయన కళ్ళనీళ్ళు పెట్టుకుని, ఎంత మంచి భాష అన్నాడు."

"కార్ల కంపెనీలో లేఆఫ్ అయ్యి మా బేస్‌మెంట్‌లో నాలుగు నెలలు పడుకున్నవాడికి ఉద్యోగమొచ్చిందని మీ అన్నయ్య గుడిలో అందరికీ లడ్లు పంచాడు. తెలుసా?"

"తెలుసు. ఒకటి నేను కూడా తిన్నా. బానే ఉంది."

"వేళాకోళం ఆపి ఇవాళ్టి సంగతి చెప్పు. పదింటికి క్లబ్ ఆఫీసులో నిన్నేం అడుగుతారు?"

"ఒక్కటే ప్రశ్న. ఈయన భుజం నొప్పని ముందే చెప్పాడా, లేక దాచిపెట్టి ఆడాడా అని. దాచాడని తేలితే కాంట్రాక్ట్ రద్దు. శుక్రవారం ఫ్లైట్ ఎక్కించేస్తారు."

"అక్కడికెళ్ళాక?"

"అక్కడ పాత టీమువాళ్ళు కుర్రాళ్ళకి నేర్పే పని ఇస్తామన్నారు. కానీ ఇక్కణ్ణించి ఉత్తరం పోతుంది కదా, గాయం దాచి మోసం చేశాడని. వాళ్ళకి పరువంటే ప్రాణం. ఇంక ఎవరూ గడప తొక్కనివ్వరు."

"నువ్వేం చెప్తావు మరి?"

"నాకేం చెప్పలేదనే చెప్తా."

"చెప్పలేదా?"

"చెప్పలేదు."

"ఒట్టు?"

"పొద్దున్నే ఒట్లేంటి వదినా! మీకీయన సంగతి తెలీదు. చేపల పడవల ఊళ్ళో పుట్టాడు. అక్కడ పదకొండేళ్ళు ఆడాడు. నూట పద్ధెనిమిది ఆటలు గెలిపించాడు. ఈయన బంతి పట్టుకునేవాడి గ్లవ్‌లో ఇడ్లీ పిండి పోస్తే, తొమ్మిదో బంతికి ఇడ్లీ ఉడికేదట."

"ఇడ్లీ అన్నారా వాళ్ళు?"

"వాళ్ళింకేదో అన్నారు. నేను తెలుగు చేశా. కానీ ఇది మాత్రం నిజం వదినా, ప్రాక్టీసులోనే రోజుకి మూడొందల బంతులు వేయించేవాళ్ళట. వేలు చిట్లితే టేపు చుట్టి మళ్ళీ వేయించేవాళ్ళు. కోచ్ పెద్దాయన వెయ్యమంటే వెయ్యడమే, అంతే. పదకొండేళ్ళలో ఒక్కరోజు నొప్పని నోరు తెరవలేదు."

"మరి అంత గొప్పవాడు ఇక్కడికెందుకొచ్చాడు? ఇది చిన్న టీము కదా."

"పెద్ద టీము వాళ్ళదే ఇది. ఇక్కడ బాగా ఆడితే పైకి పిలుస్తారు. ముప్ఫైమూడేళ్ళ వయసులో అందరూ నవ్వుతుంటే పెట్టె సర్దుకొచ్చాడు. అదీ ఈ కార్ల ఊళ్ళకి! జపాన్ కార్ల వల్లే ఉద్యోగాలు పోయాయని, ఆ పేరెత్తితే సుత్తి తీసుకునే జనం మధ్యకి. మొదటి ఆటలో ఒకడు కారు చక్రం మీద మూత, హబ్‌క్యాప్, విసిరాడు. ఈయన దాన్ని తుడిచి, వెళ్ళి వాడి చేతికే ఇచ్చొచ్చాడు. అలాంటి మనిషి నా దగ్గరకొచ్చి నొప్పి అంటాడా? మీరే చెప్పండి."

"నేను తీసిన ఎక్స్‌రే ఫిల్ములు చూశావా?"

"చూశా. మబ్బుల్లో కోడికాలు ఉన్నట్టుంది."

"భుజంలోకి మందు ఎక్కించి తీశాను. లోపల కండరం తెగిపోయింది. పైన కండ కూడా చేత్తో పట్టుకుంటే తెలుస్తుంది, సగానికి సగం కరిగిపోయింది. మొన్న ఆటలో చెయ్యి పడిపోయిందన్నారే, ఆవేళ తెగింది కాదది. ఎంత లేదన్నా ఆరేడు వారాల నాటిది."

"చూశారా! అదే నేను చెప్పేది. దాచాడు. పాపం, వాళ్ళ పెంపకమే అంత."

"ఆరోజు ఎక్స్‌రే గదిలో ఆయన చొక్కా విప్పగానే ఏం వాసనొచ్చిందో తెలుసా?"

"చెమట వాసన."

"అమృతాంజనం. లేక్‌పోర్ట్‌లో ఏ షాపులో అమ్ముతారు జగన్, అమృతాంజనం?"

"అమెరికా కదా వదినా. అన్నీ దొరుకుతాయి."

"మే నెలలో మా అమ్మ పంపిన డజను సీసాల్లో నాలుగున్నాయి. మొన్న మీ అన్నయ్య తలపోటని అల్మారా తీస్తే తెలిసింది. మిగతా ఎనిమిదీ ఎటుపోయాయి?"

"ఈయన తలనొప్పన్నాడు. మన ఇంటి మందు కదా అని ఇచ్చా."

"తలనొప్పికి భుజానికి రాశావా?"

"జపాన్‌లో..."

"జపాన్ పేరెత్తావంటే ఇక్కడే దింపేస్తాను. మిగతా దారి బ్రేక్ డ్రమ్ములు బిగించుకుంటూ నడిచిరా. అదిగో, వెనక్కి తిరిగి చూడు. అమృతాంజనం అన్న మాట వినగానే భుజం తట్టుకుని నవ్వుతున్నాడు. చూడమంటుంటే!"

"చూశా."

"ఎవరు రాసేవాళ్ళు?"

"నేనే."

"ఎన్నాళ్ళు?"

"అప్పుడప్పుడు."

"ఎనిమిది సీసాలు అప్పుడప్పుడా?"

"...రోజూ. ఆట ముందొకసారి, తర్వాతొకసారి. కొంచెం నొప్పన్నాడు వదినా. కొంచెమే. బంతులు వేసేవాడికి భుజం నొప్పి రాక పంటి నొప్పి వస్తుందా? మా క్రికెట్లో అందరికీ వచ్చేది. రాస్తే తగ్గేది."

"ఎప్పుడన్నాడు?"

"జూలైలో."

"జూలైలో ఎప్పుడు?"

"మొదట్లో."

"తారీకు చెప్పు."

"నాలుగు."

"నాలుగా? మేమందరం వచ్చిన రోజా?"

"మీరందరూ వచ్చారా ఆవేళ? నాకు గుర్తులేదు."

"గుర్తులేదా! నలభై ఇళ్ళకి ఫోన్ చేసి పిలిచావు. మన తెలుగువాడొకడు బేస్‌బాల్ గ్రౌండు మధ్యలోకి నడిచొస్తాడు, చరిత్రలో ఇదే మొదటిసారి అన్నావు. మూడు వ్యాన్లలో వచ్చాం. యోగానంద్ గారు చెయ్యాల్సిన ఆపరేషన్ వాయిదా వేసుకుని వచ్చారు. విజయశ్రీ తొమ్మిదో నెలతో ఉండి పులిహోర కలిపి తెచ్చింది."

"పులిహోరలో ఉప్పెక్కువైంది."

"అది గుర్తుంది! కోచ్ మధ్యలో ఆయన దగ్గరకి వెళ్తే నువ్వూ వెంట వెళ్ళాలి కదా. నడిచొచ్చావు. యువరాజులా. మేమంతా లేచి చప్పట్లు. నేనూ కొట్టాను జగన్, చేతులు నొప్పెట్టేలా."

"మీరు ఈల కూడా వేశారు."

"వేశాను. ఎందుకు వెళ్ళాడు కోచ్ అప్పుడు?"

"ఈయన బంతులు అటూఇటూ పోతున్నాయని."

"ముగ్గురూ నిలబడి ఏం మాట్లాడుకున్నారు?"

"ఆట గురించి."

"నొప్పని అప్పుడే చెప్పాడా?"

"అక్కడ అంత గోలలో వినపడదు వదినా. చప్పట్లు, ఈలలు... మీరే వేశారు కదా."

"వినపడిందా, లేదా?"

"వినపడింది. అర్థం కాలేదు. నాకు వచ్చిందే నలభై మాటలని ఒప్పుకున్నా కదా ఇందాక!"

"ఓహో. పనికొచ్చింది ఆ నలభై."

"నిజం వదినా. ఏదో అన్నాడు. నేనేమో వేరే అనుకున్నా."

"ఫ్యాక్టరీలో ఆరు నెలలున్నావు. ప్రెస్సు కింద చేతులు నలిగిపోయే చోట. అక్కడ కొత్తవాళ్ళకి మొదటిరోజు ఏ మాటలు నేర్పుతారు?"

"వదినా, ఎగ్జిట్ దాటిపోతారు, చూసుకోండి."

"దాటిపోను. ఏ మాటలు? జగన్!"

"నొప్పి. ఆపు. ఆ రెండే. అవి రాకపోతే లోపలికే రానివ్వరు."

"మరి ఆవేళ ఆయనేమన్నాడు?"

"...ఆ రెండే."

"పదకొండేళ్ళలో ఎవరితోనూ అనని మాట. మొదటిసారి నీతో అన్నాడు. మా ఇంట్లో ఆవకాయ తిని ముక్కు తుడుచుకుంటూ కూడా బావుందన్న మనిషి. నిన్ను తమ్ముడంటాడు. ఆ స్లింగ్ కట్టుకోవడం రాక పొద్దున నీ దగ్గరకొచ్చి చిన్నపిల్లాడిలా నిలబడ్డాడు. అది చూసి కూడా, లోపలికెళ్ళి నాకేం చెప్పలేదు అంటావా నువ్వు?"

"అలా అనకపోతే నా ఉద్యోగం పోతుంది."

"ఆయన వెళ్ళిపోతే ఎలాగూ పోతుంది కదరా! ఎవరికి దుబాసీ చేస్తావు?"

"తెలుసు. అయినా... తెలిసిపోతుంది కదా."

"ఏం తెలిసిపోతుంది?"

"ఏం లేదు. ఎడమవైపు తిప్పండి. అదే ఆఫీసు. ఆ నీలం తలుపు."

"తెలుసు. వచ్చేశాం. దిగకు, కూర్చో. ఆయనేదో అంటున్నాడు. నీ భుజం మీద చెయ్యేసి మరీ అంటున్నాడు. ఏంటి?"

"గుడ్ మార్నింగ్ అంటున్నాడు."

"ఇంత పొడుగ్గానా? నాకు నలభై మాటలు కూడా అక్కర్లేదు, ఆ మొహం చూస్తే తెలుస్తుంది. ఏమన్నాడో చెప్పు."

"భయపడొద్దు అంటున్నాడు."

"ఎవర్ని? నిన్నా?"

"ఊఁ. నాకు అర్థమవ్వాలని ఒక్కో మాటా విడగొట్టి చెప్తాడు ఎప్పుడూ. భయపడొద్దు. నువ్వు చెప్పావు. కోచ్ వినలేదు. తప్పు నీది కాదు. లోపల అదే చెప్పు, చాలు. అదీ అన్నది."

"కోచ్ వినలేదా! అంటే నువ్వు కోచ్‌కి చెప్పావా? చెప్పావా జగన్? మరి ఇంతసేపూ ఎందుకురా నన్నిలా చంపావు? నేను నిన్ను ఏమేమో అనుకున్నాను! అయితే అబద్ధమాడుతున్నది ఆ కోచ్ అన్నమాట. నొప్పని తెలిసీ ఆరు వారాలు వేయించి, ఇప్పుడు దాచాడని మొత్తం ఈయన మీదకి తోస్తాడా? నా రిపోర్టు ఆ టేబుల్ మీద కొడతాను. దిగు. ఆయన తలుపు తియ్యి."

"వదినా."

"మళ్ళీ ఏంటి?"

"కూర్చోండి ఒక్క నిమిషం."

"పదవుతోంది."

"కూర్చోండి. ఆయనకేసి చూడకండి, నాకేసి చూడండి. లేదు, నాకేసీ చూడకండి. ఆ స్టీరింగ్ చూడండి. కోచ్ నన్ను ఒక్కటే అడిగాడు, ఏమంటున్నాడు అని. చాలా మర్యాదగా అడిగాడు. నొప్పంటే వెంటనే మార్చేద్దాం, ఇంకో పిచర్ రెడీగా ఉన్నాడని కూడా అన్నాడు. అప్పటికి మొదటి ఇన్నింగ్సే వదినా. ఈయన్ని తీసేస్తే నేనూ వెళ్ళి లోపల కూర్చోవాలి. మీరు లేచి నిలబడున్నారు. యోగానంద్ గారు కెమెరా సరిచేసుకుంటున్నారు. మూడో వ్యాను అప్పుడే గేటు దగ్గర ఆగింది, విజయశ్రీ గారిని చెయ్యి పట్టుకుని దింపుతున్నారు. నాకు అక్కణ్ణించి అంతా కనిపిస్తోంది."

"జగన్... ఏం చేశావు?"

"బానే ఉందట, వేస్తానంటున్నాడు అన్నా కోచ్‌తో. ఆ తర్వాత ఈయన వైపు తిరిగి, కోచ్ ఒప్పుకోవట్లేదు, వెయ్యమంటున్నాడు అని చెప్పా. ఆవేళ ఒక్కసారే అనుకున్నా వదినా. కానీ మర్నాడు నిజం చెప్తే ముందురోజుది బయటపడుతుంది కదా. అందుకని ప్రతి ఆటకీ అటు అదే చెప్పా, ఇటు ఇదే చెప్పా. ఈయన వెయ్యమన్నవాడు కోచ్ అనుకునే వేశాడు. కోచ్ ఎప్పుడూ వెయ్యమనలేదు. నేనే."