టేపుతో తేలని లెక్క

కుట్టుపని చేసే కోడలు కత్తిరింపుల బల్ల మీద నోటుపుస్తకం పరిచి ఒక గీత గీసి, దాని మీద ఏ, బీ, సీ, డీ గుర్తులు పెట్టింది. రేపటి పదో తరగతి లెక్కల పరీక్ష పాసైతేనే ఆమెకు కుట్టు టీచరు ఉద్యోగం. ఆ లెక్క ఇచ్చిన మామగారు పక్కనే కూర్చున్నారు.

“ఏబీ, సీడీ సమానమే మామయ్యా. టేపు పెట్టి చూశాను.”

“టేపుకి మార్కులు వెయ్యరమ్మా. ఎందుకు సమానమో చెప్పాలి.”

“పోయినసారి ఇక్కడే తప్పాను. ఈసారి వదలను. ఏసీకి బీ మధ్య బిందువు కాబట్టి ఏబీ, బీసీ సమానం. బీడీకి సీ మధ్య బిందువు కాబట్టి బీసీ, సీడీ సమానం.”

“ఆగిపోయావేం?”

“రెండూ బీసీకే సమానం! ఇక ఒకదానికొకటి సమానం కాక ఎక్కడికి పోతాయి?”

“అదేనమ్మా రుజువు. పద, అన్నం తిందాం.”

“మీరు తినండి. నాకు ఇంకోటి ఇవ్వండి.”

ఆయన వడ్డించి ఉన్న రెండు కంచాల మీదా మూతలు పెట్టి, పెన్సిలు అందుకున్నారు.