ఎమ్మెల్యే అయిన రాజలింగం డాక్టర్

ఎవలడిగిన్రు రాజలింగం డాక్టర్ ముచ్చట? నువ్వేనా? కూసో మరి. అబుదాబిల ఈ ముసఫ్ఫా క్యాంపు పడ్డ కొత్తల మనకు దిక్కు గాయినొక్కడే, కంపెనీ డాక్టరు. మన జగిత్యాల దిక్కాయన. పఠాన్లు, మలయాళపోళ్లు గూడ ఆయన తాన్నే లైను కట్టేటోళ్లు. ఊకె గోలీలిచ్చి తోలేటోడు కాదు. ‘ఏం తిన్నవ్‌ర పొద్దుగాల?’ అని ముందుగాల గదే అడిగేటోడు. నవ్వకు, గా మాటకే సగం జెరం దిగేది. పానం బాగలేనోనికి ఆ దినం పని వద్దని చిట్టి రాసిచ్చేటోడు. గా చిట్టి చూస్తే ముదీర్ మొకం మాడిపోయేది. మన మేనేజరే, ఇప్పటోడు కాదు, ఎనకటోడు. వీనికి తాత వాడు.

ఆఁ, యాడున్న? ఎనభై ఒకటి ఎండకాలం. నా తమ్ముడు హన్మంతుకు ఎండదెబ్బ తాకింది. డాక్టర్ చిట్టి రాసిచ్చిండు. ముదీర్ చింపి పారేసిండు. ‘డాక్టర్ బోలా తో క్యా, కాంక్రీట్ రుకేగా? యల్లా, యల్లా!’ అనుకుంట పనికి తోలిండు. పొద్దుగూకకముందే పిలగాడు ఖలాస్. డాక్టర్ నా పక్కన కూలవడి ఏడ్సిండు. ‘లచ్చన్నా, నా చిట్టికి ఇజ్జత్ లేదు. మిట్టమధ్యాన్నం ఎండల పని చేయించొద్దని చట్టమే రావాలె. గది డాక్టర్‌తోని కాదు’ అన్నడు. నౌకరి ఇడిసిపెట్టి ఇంటికి పోయిండు, ఎలచ్చన్ల నిలవడ్డడు.

ఈడున్న మనకు ఆడ ఓటెట్ల? ఉత్తరం రాస్తే ఇంట్ల సదివేటోళ్లు లేరాయె. అందుకే కాసెట్లు నింపినం. రూమోళ్లందరం టేప్‌రికార్డర్ సుట్టు కూసోని, ‘అవ్వా, నేను లచ్చన్నను. ఓటు రాజలింగం డాక్టర్‌కే గుద్దు’ అని. మా అవ్వ సమ్మవ్వ గా టేపు సంకల వెట్టుకొని వాడవాడ తిరిగింది. ‘నా కొడుకసొంటోళ్లు సావకుంట చట్టం తెస్తడట’ అనుకుంట. గెలిసిండు. ఈడ రెండు మేకలు కోసినం.

ఏమొచ్చె? అసెంబ్లీల లేసి అడిగిండట. ‘దుబాయ్ ఎండకు హైద్రాబాద్‌ల చట్టం ఎట్ల జేస్తమయ్య? కూసో’ అని అందరు నవ్విన్రట. మాకంటే తెల్వదు, ఎమ్మెల్యే అంటే దేవుడే అనుకున్నం. సదువుకున్నోడు, ఆయనకన్న తెల్వద్దా! ఈడేమో ఆయన జాగల వచ్చినోడు తలకాయెత్తకుంటనే అందరికీ ఫిట్ అని రాసిండు. మల్ల ఎండకాలం గదే ఎండదెబ్బకు పోశయ్య పోయిండు, నా పక్క మంచపోడు, మా ఊరోడే. చట్టమూ రాలె, డాక్టరూ లేకపాయె. రెంటికి చెడ్డ రేవడైనం.

మా అవ్వ ఊకుంటదా? నడుసుకుంట ఆయింటికి పోయింది. ఆడ జెరమొచ్చినోడు ఒక్కడు లేడట, అందరు సిఫారసుల కోసమొచ్చినోళ్లే. ‘అయ్యా, చట్టమేదీ?’ అన్నది. ఎండల నడిసొచ్చిన అవ్వను చూసి ఆయన, డాక్టర్ గద, నాడి పట్టుకున్నడట. అవ్వ చెయ్యి గుంజుకున్నది. ‘నాకేం జెరం లేదు సారూ’ అని మర్లొచ్చింది.

మల్లేడు ఆయన గుండాగి సచ్చిపోయిండు. నేను ఛుట్టీ మీద పోయినప్పుడు అడిగిన, సావుకు పోయినవా అవ్వా అని. ‘పోలే. ముదీరు నా కొడుకును తీస్కపోయిండు, గంతే. ఈయన వచ్చి ఇగ ఎవలి కొడుకూ సావడన్నడు. నేను గా మాట ఇంటింటికి చెప్పిన. పోశయ్య పెండ్లాం మొకం ఎట్ల చూడాలె బిడ్డా?’ అన్నది.

మంచోడుర ఆయన. మంచోడే.

లే, నీళ్ల ట్యాంకరొచ్చినట్టుంది. బకీట్ అందుకో.