దుబాయి టీవీలో భూపాల్ డప్పు

ఎల్లారెడ్డి బస్టాండు ఎదుట ఎంకవ్వ చాయ్ హోటల్లో ఆ పొద్దున ఒక పంచాయితీ నడుస్తోంది. కామారెడ్డి లోకల్ చానల్ వాళ్లు భీమేష్ డప్పు జట్టును సంగీత కార్యక్రమానికి పిలిచారు. కెమెరా ముందు జట్టుకు నాయకుడిగా ఎవరు నిలబడాలి? జట్టును తయారు చేసింది ఎంకవ్వ మనవడు భీమేష్. నిలబడతానంటున్నది భూపాల్. డప్పు ఎన్నడూ పట్టినవాడు కాడు. అయితేనేం, దుబాయి పోయొచ్చినవాడు.

"నేనేం గొప్పోన్ని కాదవ్వా," అని మొదలుపెట్టాడు భూపాల్. పొంగబోయే పాలు కూడా ముందు ఇంతే అణకువగా ఉంటాయని ఎంకవ్వకు తెలుసు.

"గాడ టీవీ స్టూడియోల కుర్చీలేసేటోన్ని, గంతే. ఓనాడు చాంబర్ ఆర్కెస్ట్రా అచ్చింది. అంటే ఏందో ఎర్కనా? చిన్న జట్టు, ఒక్క అర్రల పట్టేటంత. ముందల నిలబడి కట్టె ఊపేటోడు ఉండడు, ఒకల కండ్లు ఒకలు చూసుకుంట, ఊపిరి కలుపుకొని సురువు చేస్తరు, గందుకే టీవీవోల్లకు గా జట్టంటే పానం, అందరి మొఖాలు కెమెరాల పడ్తయి!"

"మంచిగ చెప్పినవ్ బిడ్డా," అంది ఎంకవ్వ.

"లైవ్ నడుస్తుంటె ఫిడేలు తీగ ఫట్టుమని తెగె. ఆ తర్వాత ఏమైందో తెలుసా? నేను డప్పు తీసిన!"

"దుబాయిల డప్పెక్కడిదే?" అన్నాడు పక్క బల్ల మీది గంగారాం, చాయ్ ఊదుకుంటూ.

"సూట్‌కేసుల తీస్కపోయిన తియ్యి. తోలు బిగిసెతందుకు కాపుదామంటె నిప్పు లేదాయె, స్టూడియో లైటుకు పట్టిన, ఖంగుమన్నది! అది చూసి తెల్లోల్లు గూడ ఫిడేల్లు లైట్లకు పట్టి కాపుకున్నరు. ఇగ నేను దరువేసిన. ఎనకచ్చే వార్తలు గూడ బంద్! షేకు అచ్చి కింద కూసున్నడు, బయట ఒంటెలు వరుసగ నిలబడి తలలూపినయ్, ఎడారిల వాన పడ్డది, వరి నాటేటంత!"

"నాట్లకు ఆడోళ్లు దొరికిన్రా?" ఎంకవ్వ ఎంతో సానుభూతిగా అడిగింది. "మన పక్క లింగంపేటలనే దొరుకుతలేరు."

"నవ్వకుండ్రి! ఆఖరుకు నన్నే ముందల నిలబెట్టిన్రు. నా కనుబొమ్మ లేస్తె పాట లేసేది, దిగితె దిగేది. జర్మనీల, జపాన్ల అన్ని టీవీలల్ల నేనే! గసుంటి నేనుండంగ భీమేష్ ముందల నిలబడితె మనూరి ఇజ్జత్ ఏమైతది?"

భీమేష్ తల వంచుకుని పొయ్యి సెగకు డప్పు కాపుకుంటున్నాడు. వాడికి చేతులతో తప్ప జవాబు చెప్పడం రాదు. డప్పులు పట్టుకుని కూర్చున్న జట్టంతా ఎంకవ్వ వైపు చూసింది.

ఆమె గ్లాసు కడుగుతూ నిదానంగా అడిగింది. "గా జట్టుకు ముందల నిలబడేటోడు ఉండడంటివి గద?"

"ఉండడు."

"టీవీవోల్లు మెచ్చేది గందుకే అంటివి."

"అవ్."

"మరి మా పోరగాండ్లు గూడ గట్లనే గుండ్రంగ నిలబడి వాయిస్తరు తియ్యి. నీ మాటకు ఎదురేంది?"

భూపాల్ చాయ్ గ్లాసు కింద పెట్టాడు. "మరి నేనూ?"

"నీ పని మొదాలే చెప్తివి గద బిడ్డా. కుర్చీలెయ్యి."

జట్టు ఒకరి కళ్లు ఒకరు చూసుకుంది, ఊపిరి కలిసింది. ఎవరూ సైగ చేయకుండానే డప్పులన్నీ ఒక్కసారిగా లేచాయి.

భూపాల్ కనుబొమ్మ దిగింది. డప్పులు మాత్రం దిగలేదు.