గొంతు దిగిన ముద్ద

ఖమ్మంలో ఒక దవాఖానా. జంపయ్య అన్నవాహికలో బెలూన్ పెట్టి తీసిన మర్నాడు పొద్దున. మంచం పక్కన నర్సు నాగలత.

"ఆగిందా, జంపన్నా?"

"ఉండు మేడం... మాట్లాడియ్యకు."

"నొప్పేమన్న ఉందా? డాక్టర్ గారిని పిలవాల్నా?"

"వద్దు. దిగింది."

"నిజంగా?"

"దిగింది మేడం! ఇడ్లీ ముక్క యాడ ఆగలే. ఇంకోటి తింట."

"మెల్లగ. బాగ నమిలి తిను. ఏందన్నా, కండ్లల్ల ఆ నీళ్లు?"

"ఏం లే. చట్నీ కారం."

"చట్నీ నేనింక వెయ్యనేలేదు."

"అయితే ఇడ్లీ వేడికి."

"సరే, తిను. ఎన్నాళ్లయింది గిట్ల తిని?"

"ఏండ్లయింది. మొదాలు అన్నం ఆగేది. తర్వాత మంచినీళ్లు గూడ. లేచి నిలబడి, చేతులు పైకెత్తి, చెంబెడు నీళ్లు తాగితే దిగితే దిగేది. లేకుంటే మొత్తం బయటికే. పండుకుంటే తిన్నది ముక్కులకొచ్చేది. గోడకానుకొని కూసోనే నిద్రపోయేటోణ్ణి."

"ఎక్కడా చూపిచ్చుకోలేదా?"

"చూపిచ్చుకోకేం? గ్యాస్ గోలీలిచ్చిన్రు. గొంతుల కెమెరా ఏసిన్రు. పుండు లేదు, ఏం లేదన్నరు. ఏం లేకుంటే ఎందుకు దిగది మేడం? క్యాన్సరే, నాకు చెప్పట్లేరనుకున్న."

"కెమెరాకు ఇది ఒక్కోసారి దొరకదన్నా. ఇక్కడ తెల్లమందు తాగిచ్చి ఎక్స్‌రే తీసిన్రు గదా? నీ గొట్టం పైన ఉబ్బి, కింద పిట్ట ముక్కులాగ సన్నగైంది. అందుకే మళ్ల ముక్కుల పైపు వేసి, గుక్క గుక్క నీళ్లు మింగమన్నరు."

"అబ్బ, ఆ పైపు గుర్తు చెయ్యకు."

"దాంట్లోనే తేలింది మరి. నువ్వు మింగితే ఆ గొట్టం కిందికి నెట్టట్లే. కడుపు మీది తలుపు తెరుచుకుంటలే. క్యాన్సర్ కాదు. నిన్న బెలూన్‌తోని ఆ తలుపు సాగదీసిన్రు."

"మళ్ల మూసుకుపోతదా?"

"కొందరికి బిగుసుకుంటది. అందుకే చెకప్‌కు రావాలె. జ్వరమొచ్చినా, ఛాతీల నొప్పొచ్చినా అప్పుడే రావాలె. తిన్నంక జల్దీ పండుకోవద్దు. ఇవన్నీ నీతోని వచ్చినోళ్లకు గూడ చెప్త. ఎవరున్నరు?"

"మేస్త్రి దించి పోయిండు. అశ్వారావుపేట తోటలల్ల పామాయిల్ గెలలు కోస్త గదా, ఆ మేస్త్రి."

"మీ ఇంటామె?"

"ఉంది, శారద. పుట్టింట్ల. మణుగూరు అవతల."

"ఎప్పుడొస్తది?"

"ఇడ్లీ ఇంకోటి పెడ్తవా మేడం?"

"పెడ్త. ఎప్పుడొస్తది?"

"పోయి... శానా దినాలైంది."

"కొట్లాటనా?"

"కొట్లాట ఏం లే. నేను మంది ముందట తినుడు మానేసిన. పెండ్లిండ్లకు పోలే, పండుగలకు పోలే. తోటల చెట్ల చాటున ఒక్కణ్ణే తిని, ఒక్కణ్ణే కక్కుకునేటోణ్ణి. ఇంట్ల ముద్ద ముట్టకపోతే ఊరేమంటది? అశ్వారావుపేటల ఇంకో ఇల్లు పెట్టిండన్నరు. శారద అడిగింది."

"నువ్వేమన్నవ్?"

"అవ్ అనలే. కాదనలే."

"కాదనొచ్చు గదా!"

"కాదంటే ఆమె నాతోనే ఉండేది."

"ఉండనియ్యి!"

"ఉండి ఏం చేస్తది మేడం? నేను పోతనే అనుకున్న. ఆమెది చిన్న వయసు. నా పీనుగు కాడ కూసోని ఏడ్చేకంటే, కోపంతోని పోయి యాడనన్న బతకనీ అనుకున్న."

"ఏం మనిషివన్నా నువ్వు... సర్లె. ఇప్పుడు బతికినవ్ గదా? నంబరుందా?"

"ఉంది. చేసేటందుకే ధైర్యం సాలలే."

"చెప్పు, నా ఫోన్‌తోని చేస్త. ఆ... రింగయితాంది. స్పీకర్ పెట్టిన, మాట్లాడు."

"నువ్వే చెప్పు మేడం. క్యాన్సర్ కాదంట అని చెప్పు. ఇంకో ఇల్లు లేదు, ఏం లేదు, గొట్టం రోగమని చెప్పు. తింటాండు, రమ్మంటాండు అని..."

"ష్! ఎత్తిన్రు. హలో, శారదేనా అమ్మా?"

"శారద పత్తి చేన్లకు పోయింది. ఫోన్ ఇంట్లనే పెట్టింది. మీరెవరు?"

"నేను ఖమ్మం దవాఖానా నుంచి. మీరు శారద వాళ్ల అన్ననా?"

"కాదండి. శారద ఇంటాయన్ని. దవాఖానా అంటాన్రు, ఎవరికేమైంది?"

"ఒక్క నిమిషం, లైన్ల ఉండున్రి."

"హలో? ఎవరికేమైందండీ?"

"జంపన్నా..."

"రాంగ్ నంబరని చెప్పు మేడం."