నూకయ్య సంచీ

వీలునామాలో వాన సంగతి ఎందుకంటావేంటి చిట్టిబాబూ? రాయి. రెండువేల ఇరవై అయిదు, మే ఇరవై ఏడు, మంగళవారం. పొద్దున్నుంచి విడవని వాన. బాంబూఫ్లాట్ ఫెర్రీలు ఆపేశారు. అందుకే మా పద్మిని రాలేదు, అందుకే ఇవాళే నిన్ను పిలిచాను. కూతురి ముందు చెప్పలేనివి ఉంటాయి.

ఏడో తరగతిలోనూ ఇంతే నువ్వు, డిక్టేషన్ మధ్యలో ప్రశ్నలు. కాస్త గట్టిగా అడుగు, చెవుడు. తెలుగులోనే రాయి. ఆఫీసుకి కావలసిన భాషలోకి తరవాత మార్చుకో.

గురునాథం అనే నేను, వయసు ఎనభై ఒకటి, జంగ్లీఘాట్ నివాసి, విజయనగరంలో బి.ఏ. చదివి అరవైఎనిమిదిలో టీచరుద్యోగానికి ఈ దీవులకి ఓడెక్కి... అది అక్కర్లేదా? సరే, తీసెయ్.

మా అబ్బాయి గోపినాథ్ కూతురు లిఖిత తెలుసుగా. హోటళ్ళలో ముగ్గురు కలిసి పాడేవాళ్ళు. ఆ బ్యాండు వదిలేసి సొంతంగా ఆల్బమ్ చేస్తానంది. 'అవతలి జెట్టీ' అని పేరు. తొమ్మిది పాటలు, సగం తెలుగు, సగం హిందీ, మన ఇళ్ళల్లో మాట్లాడుకున్నట్టే.

జనవరిలో గొంతులో గడ్డ అన్నారు. మద్రాసు వెళ్ళి తీయించుకోవాలి, తీశాక గొంతు ఉంటుందో ఉండదో చెప్పలేమన్నారు. ఈ పిల్ల ఏం చేసిందనుకున్నావ్? వెనక గది కిటికీలకి పరుపులు కట్టి, ఫ్యాను ఆపేసి, నెల రోజుల్లో తొమ్మిదీ పాడేసింది. స్టూడియో అంటే అదే. బయట కాకి అరిస్తే మళ్ళీ మొదటినుంచీ. చెమటతో తడిసి బయటికొచ్చేది, నీళ్ళు తాగి మళ్ళీ లోపలికి.

ల్యాప్‌టాప్ బ్యాండుది. పాటలన్నీ చిన్న హార్డ్‌డిస్కులోకి ఎక్కించుకుని వాళ్ళది వాళ్ళకిచ్చేసింది. వాళ్ళు దాన్ని శుభ్రంగా తుడిచేసుకున్నారు. వైజాగులో ఒకాయన ఆ పాటలకి మెరుగులు దిద్ది మేలో విడుదల చేయాలి. ఆసుపత్రి గొడవలో ఎక్కడ పోగొట్టుకుంటానో అని, విమానానికి బయలుదేరుతూ డిస్కు నా చేతిలో పెట్టింది. "తాతా, రేపే కొరియర్‌లో వెయ్యి. భూల్ మత్ జానా" అంది, మరిచిపోవద్దని.

కొరియరా? మనం ఎప్పుడైనా వేశామా? వైజాగ్ ఓడెక్కే మనవాడి చేతికిస్తాం. యాభై ఏళ్ళుగా మందులు, పెళ్ళిచీరలు, ఏదీ పోలేదు. ఆ వారం పక్కింటి నూకయ్య వెళుతున్నాడు. వైజాగులో ఉన్న మా చెల్లెలు, ముసలమ్మ దాని పేరు, ఏటా దానికి పంపే ఎండుచేపల సంచీ అతనికే ఇచ్చాను.

ఇక్కడ కలం పక్కన పెట్టి విను.

ఓడలో దొంగలుంటారని డిస్కుని గుడ్డలో చుట్టి ఆ చేపల మధ్యలో దాచాను. దిగాక తీసి వైజాగాయనకి ఇమ్మని నూకయ్యకొక్కడికే చెప్పాను. చేపల్లో ఎవడు చెయ్యి పెడతాడు? అదీ నా తెలివి. చేపలు సరిగ్గా ఎండలేదు. ఓడ రెండు రోజులు ఆలస్యం, కింది డెక్కులో ఉక్క. ఉప్పునీరు ఊరింది. వైజాగాయన విప్పితే లోపలంతా తుప్పు. ముగ్గురికి చూపించాడు. ఒక్క పాటా రాలేదు.

ముసలమ్మ మాత్రం చేపలు బాగున్నాయని ఫోన్ చేసింది.

గొంతా? పోయింది. ఊపిరి వస్తుంది, అంతే. ఆల్బమ్ విడుదలైంది, చెప్పిన రోజుకే. ఒక్క పాటతో. ఎప్పుడో పద్మినికి వాట్సాప్‌లో పంపింది ఒకటుంటే అదే పెట్టారు. దాని మధ్యలో నా గొంతు, "టీ చల్లారిపోతోందే" అని. తీయడం కుదరలేదట. నలభై ఒక్కసార్లు విన్నారని చూపిస్తోంది. ఫోన్ చెవికి ఆనించుకుని నేను విన్నవి ముప్ఫై ఉంటాయి.

సంచీలోకి సముద్రం నీళ్ళు వచ్చాయని గోపినాథ్ నమ్మకం. ఆ మాట ముందన్నది నేనే. వీధిలో నూకయ్యని నిలబెట్టి "చిన్న డిస్కు, అది కూడా మోయలేవా భయ్యా?" అని అడిగాడు. నూకయ్య నావైపు చూశాడు. నేను చెప్పులు వెతుక్కున్నాను. అతను ఇప్పటికీ ఎవరికీ చెప్పలేదు. నన్ను 'మాస్టారూ' అని పలకరించడం మాత్రం మానేశాడు.

ఇప్పుడు రాయి. 'డిస్కుని చేపల్లో పెట్టింది నేను. నూకయ్య తప్పు లేదు.' రాశావా? చదువు.

ఊఁ.

లిఖితకి తెలుగు చదవడం రాదు. వాళ్ళ నాన్నే చదివి వినిపించాలి. సాయంత్రం అయ్యేసరికి వచ్చి నా పక్కన కూర్చుంటుంది చిట్టిబాబూ. నా చెవి దగ్గర నోరు పెట్టి చెబుతుంది. వెచ్చగా గాలి తగులుతుంది, మాట సగమే తెలుస్తుంది. పోయాక తెలిస్తే నీకేం అంటావా? పోయాక కూడా భయమేనయ్యా నాకు. నా ఫొటో ముందు నిలబడుతుందో లేదో అని.

కొట్టేయి. ఆ రెండు ముక్కలూ కొట్టేయి. అలా చూడకు.

ఇల్లు గోపినాథ్‌కి. వాళ్ళమ్మ మెడలో వేసుకున్న బంగారు నాను పద్మినికి. వెనక గది లిఖితకి. కిటికీలకి ఆ పరుపులు ఇంకా అలాగే ఉన్నాయి, తీయొద్దని రాయి.

నూకయ్యకా? ఏమీ లేదు. ఇటు తే, సంతకం పెడతాను.