అంచుకి నెట్టిన కూరలు

భార్య పోయాక ఆయన మొదటిసారి మూకుడు పొయ్యి మీద పెట్టాడు. రుచి చూసి, వెంటనే మరదలికి ఫోన్ చేశాడు.

"మీ అక్క ఆదివారాలు చేసే చైనీస్ బౌల్ నాకెందుకు కుదరట్లేదే? పందిమాంసం సన్నగా కోశాను. అల్లం, వెల్లుల్లి, సోయా సాస్, అన్నీ వేశాను. ఉత్త ఉప్పగా ఏడ్చింది."

"క్యాబేజీ, క్యారెట్ వేశావా బావా?"

"అవెందుకు? నేను తిననుగా."

"భలేవాడివే! ఆ ఉప్పుని విరిచేవి అవే. ఇప్పుడైనా తరిగి వెయ్యి, పెద్ద మంట మీద నాలుగుసార్లు తిప్పు."

"వేస్తే తినేదెవరు? మాంసం తను ఏరి నా గిన్నెలో వేసేది. కూరలు నేను ఏరి తన గిన్నెలో వేసేవాణ్ణి. ఒక్క మూకుడుతో ఇద్దరికీ సరిపోయేది."

"ముందు వెయ్యి. తర్వాత చూద్దాం."

ఆయన ఫోన్ గట్టు మీద పెట్టి తరిగాడు. మూకుడు చుర్రుమంది. వేడి అన్నం మీద వడ్డించుకుని, ఫోన్ తీసుకుని బల్ల దగ్గర కూర్చున్నాడు.

"తింటున్నావా బావా?"

"ఇప్పుడు బాగా కుదిరింది. మాంసమంతా తినేశాను. కూరలు అంచుకి నెట్టాను."

"నెట్టి?"

"తను తీసుకుంటుందని చూస్తున్నానే, ఇంతసేపూ."



"చల్లారిపోతాయి, తినెయ్యి. నేను ఫోన్ పెట్టెయ్యనులే."

"క్యారెట్ తియ్యగా ఉందే!"

"అక్క చెప్పలేదూ?"

"ప్రతి ఆదివారమూ చెప్పేది."